ఒప్పుకున్నట్టా, గతిలేకా?

(2020 జూన్‌లో, కరోనా లాక్‌డౌన్ సడలుతున్నప్పటి ఉత్తరం, జవాబు)

ప్రశ్న: మాది ప్రేమ పెళ్లి, కులాలు వేరు. తొమ్మిదేళ్లయింది. గుడివాడ దగ్గర పల్లెలో ఒక్కరే ఉండే మా అత్తగారు (67) పాప బాలసారెకు కూడా రాలేదు. ఎప్పుడైనా హైదరాబాద్ వచ్చినా మా ఇంట్లో పండో పాలో తప్ప ముట్టేవారు కాదు. ఈసారి మావారి బలవంతం మీద ఉగాదికి వచ్చారు. పండగ నాడే లాక్‌డౌన్ మొదలై ఇక్కడే ఉండిపోయారు. మొదట్లో తన వంట తనే వేరుగా చేసుకున్నారు. పనమ్మాయి రాక, నేను వంటగదిలోంచే ఆన్‌లైన్ క్లాసులు చెప్పుకుంటూ సతమతమవుతుంటే చూసి, మెల్లగా అందరికీ కలిపి వండటం మొదలుపెట్టారు. మేలో ఇద్దరం ఆవకాయ పెట్టాం. మొన్న ఫోన్లో వాళ్ల చెల్లెలితో ‘మా కోడలికి క్లాసుంది, మళ్లీ చేస్తా’ అన్నారు. అంతవరకూ నేను ‘మావాడి పెళ్లాన్నే’. సంతోషించాలో, కోపం తెచ్చుకోవాలో తెలియడం లేదు. ఇప్పుడు రైళ్లు మొదలయ్యాయి, వెళ్తానంటున్నారు. ఊరెళ్లాక మళ్లీ మునుపటిలా అవుతారేమోనని భయం. ఆవిడ నన్ను మనసారా ఒప్పుకున్నారా, గతిలేక సర్దుకున్నారా? అడిగేయమంటారా?
- ఓ టీచర్, మియాపూర్

సలహా: అడగొద్దు. అడిగితే ఆవిడ ఏం చెప్పాలి? ‘ఒప్పుకున్నాను’ అంటే తొమ్మిదేళ్లూ తప్పు చేశానని ఒప్పుకున్నట్టు. ఆ వయసులో, కొడుకు ఇంట్లో కూర్చుని, కోడలి ఎదుట ఆ మాట అనడం ఎంత కష్టమో ఆలోచించండి. బిగుసుకుపోయి ఏదో పుల్లవిరుపు మాట అంటారు. మీరు దాన్నే పట్టుకుని మరో తొమ్మిదేళ్లు బాధపడతారు.

గతిలేక సర్దుకోవడం తక్కువదని ఎందుకనుకుంటున్నారు? మడి, ఆచారం అంటూ వేరుగా వండుకునే మనిషికి ఆవకాయ జాడీ అంటే ఏమిటో మీకూ తెలుసు. అందులో ఎవరి చెయ్యి పడితే వాళ్ల చెయ్యి పెట్టనివ్వరు. మూడో రోజు తిరగకలిపినప్పుడు ఉప్పు సరిపోయిందో లేదో ఎవరు చూశారు? మీ ఉత్తరంలో ఆ సంగతి లేదు. మీరే చూసి ఉంటే మీ ప్రశ్నకు జవాబు మేలోనే వచ్చేసింది. అవసరం కొద్దీ మొదలైందే కావచ్చు. రోజూ పక్కపక్కన నిలబడి కూరలు తరుగుతుంటే, మీరు ఎన్నింటికి లేస్తున్నారో, పిల్లకు ఎలా తినిపిస్తున్నారో ఆవిడ కళ్లబడింది. పండుకీ పాలకీ వచ్చిపోయినప్పుడు అవి చూసే వీలేదీ? చెల్లెలితో అన్న ‘మా కోడలు’ మీరు వినాలని అన్నది కాదు. అందుకే నాకు దాని మీద నమ్మకం ఎక్కువ.

ఇంటి తలుపులు మూసుకున్న చోటల్లా ఇలాగే జరగలేదు లెండి. గృహహింస ఫిర్యాదులు పెరిగాయని జాతీయ మహిళా కమిషన్ ఏప్రిల్‌లోనే చెప్పింది. ఈ రెండు నెలల్లో నేను చదివిన ఉత్తరాల్లో ఆవకాయ ప్రస్తావన ఉన్నది మీదొక్కటే.

కోపం సంగతి. బాలసారెకు రాకపోవడం చిన్న విషయం కాదు. నాలుగు జాడీల ఆవకాయతో అది మాసిపోవాలని లేదు. ఆవిడతో కలిసి నవ్వుతూనే ఆ ఒక్క విషయంలో మీకు నొప్పి ఉండొచ్చు. క్షమించేశానని మీకు మీరు అబద్ధం చెప్పుకోనక్కర్లేదు.

ఊరెళ్లాక మునుపటిలా అవుతారేమోనన్న మీ భయంలో నిజం ఉంది. ఇక్కడ చూసేవాళ్లు లేరు, అక్కడ చుట్టాలూ ఇరుగుపొరుగూ ఉంటారు. అసలు పరీక్ష అక్కడే. కానీ ఆ పరీక్ష రాయాల్సింది మీరు కాదు, మీవారు. ‘అమ్మా, ఈ గొడవలన్నీ తగ్గాక ముగ్గురం ఊరొస్తాం, మనింట్లోనే దిగుతాం’ అని ఆయన నోటితో ఆయనే చెప్పాలి. ఇన్నాళ్లూ తల్లికీ భార్యకీ మధ్య నిలబడకుండా తప్పుకున్నారాయన, నిష్ఠూరమైనా అనక తప్పదు. ప్రయాణానికి మాత్రం తొందరపడొద్దు. 2020 జూన్ 1న 200 రైళ్లు మొదలైన మాట నిజమే గానీ, కరోనా వల్ల 65 దాటినవాళ్లు ఇంట్లోనే ఉండాలని ప్రభుత్వమే చెప్పింది.

మీరు అడగని మాట ఒకటి. ‘వంటగదిలోంచే ఆన్‌లైన్ క్లాసులు’ అని రాసి, ముందుకెళ్లిపోయారు. మీవారి పని ఎక్కడి నుంచి సాగుతోందో రాయలేదు గానీ ఊహించగలను: తలుపున్న గది, టేబుల్, ఫ్యాను. మీకు మాత్రం గట్టు మీద ఫోను, వెనక కుక్కర్ కూత. మీ అవస్థ అత్తగారికి కనబడింది, ఆయనకు కనబడలేదు! ఇద్దరివీ ఉద్యోగాలే. ఎవరికి ఏ వేళ గది కావాలో కాగితం మీద రాసి ఫ్రిజ్‌కి అంటించండి. తలుపు వేసుకుని చెప్పుకోవాల్సిన పని మీకూ ఉందని ఆయనకు ఇన్నాళ్లూ తట్టకపోయి ఉండొచ్చు, కాబట్టి నోరు తెరిచి అడగండి. ఇది మాత్రం అడగాల్సిందే. రేపు మీ క్లాసుకి పది నిమిషాల ముందే ఆయన లాప్‌టాప్‌ హాల్లోకి చేరాలి.