జాతర వేషానికి విగ్గు జారకుండా సూపర్ గ్లూ రాసుకోవచ్చా?

తమ్ముడూ, తిరుపతి గంగమ్మ జాతరకు ఆడవేషం మొక్కుకున్నానని, విగ్గు నిలవడానికి నుదుటి దగ్గర సూపర్ గ్లూ రాసుకోవచ్చా అని అడిగావు. దయచేసి ఆ పని చేయకు.

మా అక్క కొడుకు సరిగ్గా ఇదే చేశాడు. తాతయ్యగుంట గంగమ్మ గుడి చేరేలోపే నుదురు మండిపోవడం మొదలైంది. ఆ జిగురు బిగుసుకోవడానికి తడి చాలు. మే నెల ఎండలో చెమట పట్టిన తల మీద పడితే ఇక చెప్పాలా! బిగుసుకునేటప్పుడు వేడి కూడా పుడుతుంది. పైగా వాడు కంగారులో దూదితో తుడిచాడు. దూది, నూలుగుడ్డ తగిలితే ఆ వేడి చర్మం కాలేంతగా పెరుగుతుంది. సాయంత్రానికల్లా నుదుటి దగ్గరి వెంట్రుకలన్నీ కలిసి గాజుపెంకులా గట్టిపడ్డాయి. కొంచెం లాగినా చర్మం లేచి వస్తోంది.

కొండకు వెళ్లి గుండు కొట్టించుకుంటే సరిపోతుందని ఇంట్లో పెద్దవాళ్లు అన్నారు. సరిపోదు. జిగురు కుదుళ్ల దగ్గరే గడ్డకట్టి ఉంటుంది. కత్తి దాని కిందికి దూరదు, బలవంతంగా దూరిస్తే చర్మం తెగుతుంది. చివరికి చర్మ వైద్యురాలు నూనెతో నానబెట్టి కొద్దికొద్దిగా వదిలించారు. కొంత జుట్టు పోనే పోయింది.

అసిటోన్ పోస్తే కరుగుతుందని నీకు ఎవరో ఒకరు చెబుతారు. కరిగే మాట నిజమే. కానీ నుదుటి మీంచి కంట్లోకి జారితే? పైగా అది ఇట్టే నిప్పంటుకునే ద్రవం. కర్పూర హారతుల మధ్య ఆ తలతో తిరగడం తలుచుకుంటేనే భయం వేస్తుంది.

వస్తువులు అతికించే వేరే జిగురు వాడదామని కూడా చూడకు. 2021లో అమెరికాలో ఒక మహిళ హెయిర్ స్ప్రేకు బదులు వస్తువులు అతికించే స్ప్రే జిగురు జుట్టుకు కొట్టుకుంది. ఎన్నిసార్లు తలస్నానం చేసినా వదలలేదు, చివరికి సర్జన్ తొలగించాల్సి వచ్చింది.

తలకు బిగుతుగా నూలుగుడ్డ కట్టి, విగ్గును దానికి పిన్నులతో పట్టించు, లేదా నాలుగు కుట్లు వేయించు. సవరమైతే నాడాతో కట్టు. అంచులు అతకాలంటే నాటకాల మేకప్ వాళ్లు వాడే స్పిరిట్ గమ్ ఉంది. అది కూడా ముందు రోజే మోచేతి లోపల కొద్దిగా రాసి చూడు.

ఇప్పటికే రాసేసి ఉంటే లాగకు, కత్తెర పెట్టకు. కొబ్బరినూనె పట్టించి రుయా ఆసుపత్రిలో చర్మవ్యాధుల విభాగానికి వెళ్లు. రెప్పలు అంటుకుంటే మాత్రం విడదీయబోకుండా, గోరువెచ్చని నీళ్లలో తడిపిన గుడ్డ కప్పుకుని వెంటనే కంటి డాక్టరు దగ్గరికి వెళ్లాలి.