నాటకానుభవం అంతర్జాతీయ సినిమాలకు వెళ్లిన ఆఫ్రికన్ నటులకు నిజంగా ఉపయోగపడిందా?

చాలా ఉపయోగపడింది. నేను మొదట చెప్పే పేరు దక్షిణాఫ్రికా నటుడు జాన్ కానీ. 'బ్లాక్ పాంథర్' హీరో తండ్రి, రాజు టిచాకా అంటే మనవాళ్లు చాలామంది గుర్తుపడతారు.

ఆయనది పోర్ట్ ఎలిజబెత్ దగ్గరి న్యూ బ్రైటన్, నల్లవాళ్ల కోసం వేరుగా పెట్టిన బస్తీ. ఫోర్డ్ కార్ల ఫ్యాక్టరీలో పనిచేశారు. 1965లో సర్పెంట్ ప్లేయర్స్ అనే నాటక బృందంలో చేరారు. నల్లవాడికి నటన ఒక ఉద్యోగమని ఆనాటి చట్టం ఒప్పుకోదు. అందుకని ఆయన్నీ, తోటి నటుడు విన్‌స్టన్ ఎన్‌చోనానీ రచయిత అథోల్ ఫ్యూగార్డ్ ఇంటి పనివాళ్లుగా కాగితాల మీద చూపించాల్సి వచ్చింది. ఆ ముగ్గురూ కలిసి అల్లినవే 'సిజ్వే బాన్సీ ఈజ్ డెడ్', 'ది ఐలాండ్' నాటకాలు. వాటికే 1975లో అమెరికాలో ఇద్దరు నటులకూ కలిపి ఉత్తమ నటుడిగా, నాటకరంగానికిచ్చే టోనీ అవార్డు ఇచ్చారు.

నేను పరిషత్తు నాటకాలు వేస్తుంటాను. ఒక వర్క్‌షాప్‌లో 'ది ఐలాండ్' మొదటి ఘట్టం నేనూ ఇంకో మిత్రుడూ చేశాం. రాబెన్ ద్వీపం జైల్లో ఇద్దరు ఖైదీలు ఇసుక తవ్వి, బండిలో నింపి, ఒకరి గుంట దగ్గర మరొకరు కుమ్మరిస్తుంటారు. ఎంత తోడినా కుప్ప తరగదు. డైలాగులుండవు. ఇసుకా ఉండదు, బండీ ఉండదు. నిండు బండి తోసేటప్పుడు భుజాలు కిందికి లాగాలి, ఖాళీ బండితో నడక మారాలి. కాసేపటికే ఒళ్లు హూనమైంది. ప్రేక్షకులకు బరువు కనిపించాలంటే ముందు మన ఒంటికి తెలియాలని మాకు ఎవరూ చెప్పక్కర్లేకపోయింది.

ఈ పని ఏళ్ల తరబడి చేసినవాడికి సినిమాలో చిన్న వేషం చాలు. జాన్ కానీ 1978లోనే 'ది వైల్డ్ గీస్'లో, 1996లో 'ది ఘోస్ట్ అండ్ ద డార్క్‌నెస్'లో కనిపించారు. ప్రపంచమంతా గుర్తుపట్టింది మాత్రం డెబ్భై దాటాక, 2016లో 'కెప్టెన్ అమెరికా: సివిల్ వార్'తో. తెర మీద ఉండేది కాసేపే. అయినా ఆయన నిలబడగానే రాజు అనిపిస్తాడు. సినిమాలో కొడుకు పాత్రతో తన మాతృభాష షోసాలో మాట్లాడతానని అడిగిందీ ఆయనే. తర్వాత 'బ్లాక్ పాంథర్'లో వకాండా అనే కల్పిత దేశం వాళ్ల భాషగా అదే నిలిచింది. నాకైతే అవార్డు కన్నా ఇదే గొప్ప.

ఇంత పేరొచ్చాక కూడా స్టేజీ వదల్లేదు. 2019లో తను రాసిన 'కునెనె అండ్ ద కింగ్'లో ఆంటొనీ షేర్‌తో కలిసి ఇంగ్లండ్‌లోని స్ట్రాట్‌ఫర్డ్‌లో నటించారు. అదే ఏడాది 'ద లయన్ కింగ్'లో రఫీకి అనే కోతి పాత్రకు గొంతు ఇచ్చారు. మీరు ఆ సినిమా తెలుగు డబ్బింగ్‌లో చూసి ఉంటే ఆయన్ని విననట్టే. ఒకసారి ఇంగ్లీషులో పెట్టుకుని రఫీకి సీన్లు వినండి.