రైలు దిగి నడిచి మచు పిచ్చు చేరడం

ప్రశ్న: మేం డాలస్‌లో ఉంటాం. జులైలో పిల్లలకి (12, 15 ఏళ్ళు) సెలవులు, పెరూ వెళ్ళి కొండమీది శిథిల నగరం మచు పిచ్చు చూడాలని ఉంది. నాలుగు రోజులు టెంట్లలో పడుకుని నడిచే ఓపిక మా ఆయనకి లేదు, అంత సెలవూ లేదు. రెండు రోజుల ట్రెక్ ఒకటుందని విన్నాం. అది ఒకప్పటి 'ఇంకా' సామ్రాజ్యం వాళ్ళు వేసిన నిజమైన దారేనా, లేక టూరిస్టుల కోసం చూపించే ఉత్తుత్తిదా? ఇంకో మాట, మా అమ్మకి 61. పోయినేడు అలిపిరి మెట్లన్నీ ఎక్కింది. ఆవిడని తీసుకెళ్ళొచ్చా?

జవాబు: ఉత్తుత్తిది కాదండీ. నాలుగు రోజుల వాళ్ళు చివరిరోజు నడిచే భాగమే మీరూ నడుస్తారు, కాకపోతే మధ్యలో వచ్చి కలుస్తారు. వాళ్ళు రైలు మార్గంలో 82వ కిలోమీటరు దగ్గర మొదలుపెట్టి 40 కిలోమీటర్ల పైచిలుకు నడుస్తారు. మధ్యలో 4,200 మీటర్ల కనుమ ఒకటి దాటాలి. మీరు అదే రైల్లో ఇంకాస్త ముందుకెళ్ళి 104వ కిలోమీటరు దగ్గర దిగుతారు. స్టేషనేమీ ఉండదు, రైలు ఓ రెండు నిమిషాలు ఆగుతుంది, గైడు దిగండి దిగండి అంటాడు, దిగేసరికి పక్కన ఉరుబాంబ నది హోరుమంటూ ఉంటుంది. వంతెన దాటగానే చెక్‌పోస్టు, అక్కడ పాస్‌పోర్టు చూస్తారు. పర్మిట్ మీద పేరూ నంబరూ పాస్‌పోర్టులో ఉన్నట్టే ఉండాలి, ఇంటిపేరు ముందా వెనకా అని మనకి ఎప్పుడూ ఉండే గొడవ ఇక్కడ పెట్టుకోకండి.

నడక మొత్తం మొదటిరోజే, పది పన్నెండు కిలోమీటర్లు, ఆరేడు గంటలు. మొదట చాచబాంబ అనే చిన్న శిథిలాలు వస్తాయి. ఆ తర్వాత దాదాపు మూడు గంటలు ఎక్కుడే ఎక్కుడు, చెట్టు నీడ తక్కువ, ఎండ నెత్తిమీద. కింద నదీ రైలు పట్టాలూ దారంలా సన్నబడుతూ పోతాయి. ఒక జలపాతం దాటాక విన్యాయ్ వైనా అనే శిథిలాల ఊరు కనిపిస్తుంది. దాని గురించి కింద ఇంకో ఉత్తరానికి జవాబులో రాశాను, ఇక్కడ ఒక్క మాటే చెప్తాను. చాలా గ్రూపులు అక్కడ పది నిమిషాలు ఫొటోలు దిగి మచు పిచ్చుకి పరిగెడతాయి, మీరు మాత్రం గంటసేపైనా ఉండండి, డబ్బాలో తెచ్చిన భోజనం అయ్యాక ఆ మెట్ల మీద కాసేపు కూర్చోండి. మచు పిచ్చులో జనం మధ్య ఆ నిశ్శబ్దం దొరకదు. బస్సులో వచ్చే వాళ్ళకి ఈ చోటు కనిపించనే కనిపించదు, అసలు నడిచి వెళ్ళడానికి సగం కారణం ఇదే.

ఇక్కడి నుంచి దారి పెద్దగా ఎక్కుడు లేకుండా మబ్బులు తగిలే అడవిలోంచి పోతుంది. ఇంతి పుంకు అనే ద్వారానికి కాస్త ముందు మాత్రం నిట్టనిలువుగా ఓ యాభై మెట్లు, అందరూ చేతులు కూడా ఆనించి ఎక్కుతారు. అలిపిరి దారిలో మోకాళ్ళ పర్వతం గుర్తుందిగా, అదే వరస. పైకి రాగానే సూర్యద్వారం, దాని అవతల కింద మచు పిచ్చు మొత్తం పరుచుకుని ఉంటుంది. (మనకి ఇంతి అంటే స్త్రీ, క్వెచువా భాషలో ఇంతి అంటే సూర్యుడు, పుంకు అంటే వాకిలి.) సూర్యోదయం వేళకి అక్కడ ఉంటామని ఎవరైనా ఏజెంటు చెబితే నమ్మకండి. ఈ చిన్న ట్రెక్‌లో మీరు చేరేది మధ్యాహ్నం దాటాకే. అదే మంచిది కూడా, అప్పటికి పొద్దుటి జనం చాలావరకు దిగిపోయి ఉంటారు.

ఇప్పుడు అమ్మగారి సంగతి. ఎక్కాల్సిన ఎత్తు సుమారు 600 మీటర్లు, అలిపిరి నుంచి తిరుమలకీ దాదాపు అంతే. 3,550 మెట్లు ఎక్కిన మనిషికి ఇది కొత్త కాదు. తేడాలు రెండున్నాయి. దారి పొడుగునా నీళ్ళు, మజ్జిగ, పైకప్పు నీడ, కాళ్ళు నొప్పెడితే కూలబడడానికి అరుగు, ఇవేవీ లేవు, మధ్యలో ఇక చాలు అనుకుంటే ఎక్కడానికి ఆటో కూడా రాదు. రెండోది గాలి, ఎత్తుకి పోయేకొద్దీ పలచబడుతుంది. మొదలయ్యేదే 2,100 మీటర్ల పైన, ఎక్కేది 2,700 దాకా. మోకాళ్ళు దిగేటప్పుడు నొప్పెట్టే రకమైతే ఇంతి పుంకు నుంచి మచు పిచ్చుకి దిగే ముప్పావుగంటే అసలు పరీక్ష. రెండు చేతికర్రలు తీసుకోండి, అడుగున రబ్బరు తొడుగు ఉంటేనే రానిస్తారు. వెళ్ళే ముందు ఓ నెలా రెణ్ణెల్లు ఆవిడ చేత మెట్లు ఎక్కించి దించండి. బీపీ, గుండె సమస్యలుంటే డాక్టరు సరే అన్నాకే. ఆవిడకి కుదరకపోతే మీలో ఒకరు ఆవిడతో రైల్లోనే మచు పిచ్చు కింద ఉన్న ఊరు ఆగ్వాస్ కాలియెంతెస్ దాకా వెళ్ళి, బస్సులో పైకి రావచ్చు.

కానీ మీరు అడగని విషయం ఒకటుంది, నా దృష్టిలో అదే ముఖ్యం. ఈ ట్రిప్‌లో మనుషుల్ని పడగొట్టేది కొండ దారి కాదు, కుస్కో ఊరి ఎత్తు. అరకు 900 మీటర్ల ఎత్తు, కుస్కో 3,400. సముద్రపుటొడ్డున ఉన్న లిమాలో విమానం ఎక్కితే గంటన్నర లోపే అక్కడ దింపేస్తుంది. నేను వెళ్ళినప్పుడు బాగానే ఉంది కదా అని దిగిన పూటే సక్సాయ్‌వామాన్ కోట ఎక్కి, రాత్రి కడుపునిండా తిని పడుకున్నాను. రెండింటికి తలపోటుతో లేచాను, తెల్లారేదాకా వాంతులు, మర్నాడంతా మంచం. అందుకే మీరు కుస్కో ఎయిర్‌పోర్టు నుంచి తిన్నగా కారులో కిందనున్న లోయకి దిగిపోండి. ఒయాంతాయ్‌తాంబో 2,800 మీటర్లే, ఊరూ బాగుంటుంది, రైలూ అక్కడే ఎక్కొచ్చు. రెండు రాత్రులు ఉండి అలవాటు పడి, ట్రెక్ అయ్యాక తిరుగుదారిలో కుస్కో చూడండి. ఎత్తు పడని బాధకి వాడే డయామాక్స్ మాత్ర గురించి ముందే డాక్టర్ని అడగండి, సల్ఫా మందులు పడనివాళ్ళు ఆ సంగతి తప్పకుండా చెప్పాలి.

జులై అక్కడ పొడి కాలం, పగలు ఎండ, రాత్రి గట్టి చలి. రద్దీ కూడా అప్పుడే. లైసెన్సున్న ఏజెన్సీ, గైడు లేకుండా ఈ దారిలో అడుగు పెట్టనివ్వరు, రోజుకి ఇంతమందే అని పర్మిట్ల లెక్క ఉంటుంది, కాబట్టి నాలుగైదు నెలల ముందే బుక్ చేయండి. ఫిబ్రవరిలో అయితే మరమ్మతుల కోసం నాలుగు రోజుల దారిని మూసేస్తారు. డబ్బు కట్టే ముందు ఏజెన్సీని ఒకటి గుచ్చి గుచ్చి అడగండి: రానూపోనూ రైలు, రాత్రి హోటలు, కొండ బస్సు, రెండోరోజు మచు పిచ్చు టికెట్, ఇవన్నీ కలిపేనా అని. ఆ రెండోరోజు టికెట్ దగ్గరే చాలామంది మోసపోతారు. మొదటిరోజు మీరు అలిసిపోయి సాయంత్రం పూట పైనుంచి దిగుతారంతే, గైడు వెంట ఉండి గుళ్ళూ గోడలూ తీరిగ్గా చూపించేది రెండోరోజే, దానికి టికెట్ వేరు.

ప్రశ్న: నేను న్యూజెర్సీలో హెచ్-1బి మీద ఉన్నాను, ఇండియన్ పాస్‌పోర్టు. పెరూకి వీసా కావాలా?

జవాబు: అమెరికా, కెనడా, బ్రిటన్, ఆస్ట్రేలియా, యూరప్‌లోని షెంగెన్ దేశాల్లో దేనిదైనా కనీసం ఆరు నెలలు చెల్లే వీసా ఉన్న భారతీయులకి, లేదా అక్కడ శాశ్వత నివాసం ఉన్నవాళ్ళకి, టూరిస్టుగా వెళ్ళడానికి విడిగా వీసా అక్కర్లేదు. ఇక్కడే ఒక మెలిక ఉంది. చాలామందికి ఐ-797 (హెచ్-1బి ఆమోదం) కాగితం మీద గడువు ఉంటుంది, పాస్‌పోర్టులో వీసా స్టాంపు మాత్రం ఎప్పుడో అయిపోయి ఉంటుంది. అలా ఉంటే పెరూ వాళ్ళు రానివ్వకపోవచ్చు, అంతకంటే పెద్ద సమస్య తిరిగి రావడం. స్టాంపు గడువు అయిపోయినా కెనడా, మెక్సికో వెళ్ళి నెలలోపు వచ్చేసిన స్నేహితులు మీకూ ఉండే ఉంటారు, ఆ వెసులుబాటు పెరూకి వర్తించదు. వెనక్కి రావాలంటే అమెరికా కాన్సులేట్‌లో కొత్త స్టాంపింగ్ చేయించుకోవాల్సిందే. ముందు స్టాంపు తేదీ చూసుకోండి, తర్వాత పెరూ కాన్సులేట్‌లో కనుక్కోండి, ఆ తర్వాతే విమానం టికెట్లు.

ప్రశ్న: మేం శుద్ధ శాకాహారులం, గుడ్డు కూడా తినం. అన్ని రోజులు ఏం తిని బతకాలి? (విశాఖపట్నం)

జవాబు: హాయిగా బతకొచ్చు. బంగాళాదుంపలో ఎన్ని వేల రకాలున్నాయో వాళ్ళ సంతలో చూస్తేగానీ నమ్మలేం. మనం ఆవకాయలో వేసే మిరప, పప్పులో వేసే టమాటా, అనంతపురం రైతు వేసే వేరుశనగ అన్నీ ఆ అమెరికా ఖండాల నుంచి ఓడలెక్కి వచ్చినవే, కాబట్టి ఓ రకంగా మీరు పుట్టింటికే వెళ్తున్నారు. కివిచా అని అమ్మే చిన్న గింజలు మన తోటకూర జాతివే. కినోవా సూప్, ఉడికించిన మొక్కజొన్న, నల్ల మొక్కజొన్నతో చేసే చిచా మొరాదా అనే తియ్యటి పానీయం ఎక్కడైనా దొరుకుతాయి.

జాగ్రత్త పడాల్సింది సూపుల దగ్గర. కూరగాయల సూపే అంటారు, కానీ కోడి ఎముకలు మరిగించిన నీళ్ళతో చేస్తారు. శాకాహారి అంటే సరిపోదు, 'సిన్ కార్నె, సిన్ పోయో, సిన్ పెస్కాదో, సిన్ వెవో' అనాలి, అంటే మాంసం, కోడి, చేప, గుడ్డు ఏవీ వద్దని. ట్రెక్ రోజు భోజనం డబ్బా సంగతి ఏజెన్సీకి రాతలో చెప్పండి, ముందురోజు గైడుకి మళ్ళీ చెప్పండి. పులిహోర పొడి, వేయించిన అటుకులు ఓ డబ్బాలో ఉంటే ఎవరికీ భయపడక్కర్లేదు.

ప్రశ్న: కోకా టీ తాగితే ఎత్తు పడని బాధ తగ్గుతుందట, తాగొచ్చా?

జవాబు: అక్కడ ప్రతి హోటల్లో ఇస్తారు, చట్టబద్ధమే, నేనూ తాగాను, ఎండిన ఆకు కషాయంలా ఉంది. నాకు తగ్గిందా అంటే ఏమో, వేడినీళ్ళు కడుపులో పడ్డాయి అంతే. రెండు విషయాలు గుర్తుంచుకోండి. ఆ ఆకుగానీ టీ పొట్లాలుగానీ అమెరికాకి తేకూడదు, నేరం. రెండోది, ఒక్క కప్పు తాగినా మూత్ర పరీక్షలో కొకైన్ పాజిటివ్ రావచ్చు, కొత్త ఉద్యోగంలో చేరబోయేవాళ్ళు అసలు ముట్టుకోకండి.

ప్రశ్న: రిటైర్డ్ టీచర్ని, రాజమండ్రి. నేను వెళ్ళలేను గానీ చదువుతాను. 1911లో ఒక అమెరికన్ మచు పిచ్చుని కనిపెట్టాడని పిల్లలకి చెప్పేవాణ్ణి. సరైనదేనా? ఇనుమూ చక్రమూ లేకుండా ఆ కొండ మీద ఎలా కట్టారు?

జవాబు: మాస్టారూ, ఆ 'కనిపెట్టాడు' అన్న మాటొక్కటి మార్చి చెప్పాలి. హైరమ్ బింగమ్ 1911 జులై 24న అక్కడికి చేరాడు, నిజమే. కానీ దారి చూపించింది స్థానికులు, ఆ మెట్ల పొలాల్లో అప్పటికే రైతు కుటుంబాలు పంట వేసుకుని ఉన్నాయి, అంతకు ముందే 1902లో కుస్కో ప్రాంతం వాడైన అగుస్తిన్ లిసారాగా అక్కడికి వచ్చి గోడ మీద పేరు కూడా రాసి వెళ్ళాడు. బింగమ్ గొప్పతనం ప్రపంచానికి తెలిసేలా చేయడంలో ఉంది. తవ్వి తీసిన వస్తువుల్ని యేల్ యూనివర్సిటీకి పట్టుకెళ్ళాడు, అవి పెరూకి తిరిగి వచ్చేసరికి నూరేళ్ళు పట్టింది.

కట్టింది 15వ శతాబ్దంలో, పచకూతి అనే రాజు కాలంలో. స్పానిష్ వాళ్ళు వచ్చాక వదిలేశారు, వాళ్ళ కంట పడలేదు. ఇక ఎలా కట్టారన్నది. కొండ మీదే గ్రానైటు ఉంది, దాన్ని గట్టి రాళ్ళతో కొట్టి చెక్కి, సున్నం లేకుండా ఒకదాన్నొకటి పట్టుకునేలా పేర్చారు. నాకు అంతకంటే ఆశ్చర్యం కలిగించేది నీళ్ళ పని. ఏడాదికి రెండు మీటర్ల దాకా వాన పడే నిట్టనిలువు కొండ అది, ఊరికే గోడలు కడితే నాలుగు వానాకాలాలకి జారిపోవాలి. వాళ్ళు ప్రతి మెట్టు పొలం అడుగున పెద్ద రాళ్ళు, దాని మీద గులకరాళ్ళు, ఇసుక, ఆపైన మంచి మట్టి వేశారు. నీరు ఇంకి లోపలే కిందికి పోతుంది, గోడని తోయదు. కట్టడంలో సగానికి పైగా పని నేల కిందే ఉందని ఇంజనీర్లు లెక్కగట్టారు.

ఇది కళ్ళకి కట్టేది మచు పిచ్చులో కాదు, పైన రాసిన విన్యాయ్ వైనాలో. కొండ వంపుకి సరిపోయేలా మెట్ల పొలాలు విసనకర్రలా వంగి ఉంటాయి, పక్కనే మెట్ల వెంబడి ఒకదాని కిందొకటి రాతి స్నానపు తొట్లు, ఒకదాంట్లో నిండిన నీరు కింద దాంట్లోకి. పేరుకి అర్థం ఎప్పటికీ పడుచుగా ఉండేది అని, అక్కడ పూసే ఒక ఆర్కిడ్ పేరు అది. గోదావరి కాలవల పక్కన పుట్టి పెరిగిన మీకు నచ్చుతుంది.

ప్రశ్న: బ్యాగు, డ్రోను, బాత్రూము?

జవాబు: చిన్న వీపుసంచి మాత్రమే, పెద్ద పెట్టెలు కింద హోటల్లో వదిలేయండి. డ్రోన్ వద్దు. వాడి పారేసే ప్లాస్టిక్ సీసాలు రానివ్వరు, స్టీలు సీసా తీసుకెళ్ళండి. మచు పిచ్చు లోపల బాత్రూములు లేవు, గేటు బయటే ఉన్నాయి, డబ్బులు తీసుకుంటారు, ఒకసారి బయటికొస్తే అదే టికెట్ మీద మళ్ళీ లోపలికి పంపరు. జేబులో చిల్లర సోల్ (పెరూ డబ్బు) నాణేలు ఉంచుకోండి, లోపలికి వెళ్ళే ముందే పని ముగించుకోండి.