సముద్రగర్భంలో పండితులు ఉంటారా?

ప్రశ్న: తొమ్మిదో తరగతి చదువుతున్న మా అబ్బాయి ఒక కథ రాస్తున్నాడు. సముద్రం అడుగున ఒక పండిత సంఘం ఉంటుందనీ, వారంతా మఠంలో సన్యాసుల్లా అక్కడే ఉంటూ, పైలోకం మరచిపోయిన చరిత్రను వెలికితీసి గ్రంథస్థం చేస్తారనీ వాడి ఊహ. అటువంటివారు నిజంగా ఎక్కడైనా ఉన్నారా?
– ఒక పాఠకురాలు, కాకినాడ

జవాబు: ఆ పని చేసేవారు ఉన్నారు కానీ, నీటి అడుగున కాపురం ఉండేవారు మాత్రం లేరు. సముద్రంలో పురావస్తు పరిశోధన చేసే శాస్త్రజ్ఞులు వారు. వారి పని తీరు తెలియాలంటే తుర్కియే దక్షిణ తీరాన ఉలుబురున్ అనే చోట జరిగిన తవ్వకం గురించి చెప్పుకోవాలి. క్రీ.పూ. 14వ శతాబ్దం చివర అక్కడ ఒక వర్తకుల ఓడ మునిగింది. 1982లో దాని జాడ మొదట కనిపెట్టినది ఏ పండితుడూ కాదు, స్పాంజీలు ఏరుకుని బతికే ఒక ఈతగాడు. అడుగున "చెవులున్న లోహపు బిస్కెట్లు" చూశానని అతడు చెప్పిన మాటను బట్టే శాస్త్రజ్ఞులు అక్కడికి వెళ్ళారు. తీరా చూస్తే అవి మోసేందుకు వీలుగా నాలుగు మూలలూ సాగదీసినట్టు పోతపోసిన రాగి దిమ్మెలు. ఓడలో దాదాపు 10 టన్నుల రాగి, ఒక టన్ను తగరం ఉన్నాయి. ఆ పాళ్ళలో కలిపి కరిగిస్తే కంచు తయారవుతుంది.

1984 నుంచి 1994 దాకా, 11 వేసవుల పాటు, జార్జ్ బాస్, జెమాల్ పులాక్‌ల నాయకత్వంలో పరిశోధకులు 22,413 సార్లు నీటిలోకి దిగారు. ఓడ 44 నుంచి 61 మీటర్ల లోతులో, ఏటవాలు నేల మీద ఉండటం వల్ల దిగిన ప్రతిసారీ పనికి దొరికేది ఇరవై నిమిషాలలోపే. అంత లోతులో మామూలు గాలి పీలిస్తే అందులోని నత్రజని కల్లు తాగినట్టు బుర్రను మందగింపజేస్తుంది కనుక, ఏ వస్తువు కొలవాలో, ఏది పైకి తేవాలో ఒడ్డునే నిర్ణయించుకుని దిగాలి. సముద్రగర్భ పండితుడికి పాండిత్యం అతి తక్కువగా పనికొచ్చే చోటు సముద్రగర్భమే! పైకి వచ్చేటప్పుడు కూడా తొందర కూడదు. గబుక్కున తేలితే రక్తంలో నత్రజని బుడగలు కట్టి ప్రాణం మీదికి వస్తుంది.

ఆ ఓడలో దొరికిన బంగారం కంటే నా మనసుకు పట్టినది ఒక చిన్న కొయ్య పలకల జత. రెండు పలకలనూ దంతపు కీలుతో పుస్తకంలా మూసుకునేటట్టు అమర్చారు. లోపలి పల్లంలో మైనం నింపి, మన తాళపత్రాల మీద రాసినట్టే మొనదేలిన పుల్లతో దాని మీద రాసుకునేవారు. దానిమ్మపండ్లు నింపిన ఒక గోలెంలో పడి ఉండటం వల్ల ఆ పలకలు మిగిలాయి. మైనం మాత్రం మిగలలేదు. మూడు వేల ఏళ్ళకు పైగా నీటిలో నిలిచిన ఆ పుస్తకంలో ఇప్పుడు ఒక్క అక్షరమూ లేదు.

పైకి తెచ్చాక అసలు పని మొదలవుతుంది. నీరు పీల్చుకున్న కొయ్యను ఊరికే ఆరబెడితే ముడుచుకుని పగిలిపోతుంది. 1628లో మునిగి 1961లో పైకి వచ్చిన స్వీడన్ యుద్ధనౌక వాసాపై పాలీ ఇథిలీన్ గ్లైకాల్ అనే మైనం వంటి పదార్థాన్ని నీటిలో కలిపి 17 ఏళ్ళ పాటు చల్లుతూనే ఉన్నారు. ఓడలను తినే కొయ్యపురుగు బాల్టిక్ సముద్రపు తక్కువ ఉప్పుదనంలో బతకదు కాబట్టి ఆ నౌక అంత నిండుగా దక్కింది. మీ అబ్బాయి తన పండితులకు ఒడ్డున ఒక పెద్ద ప్రయోగశాలనూ, వారి గురువు స్థానంలో చదువు రాని ఒక ఈతగాడినీ పెట్టుకుంటే కథకు నిజం రంగు వస్తుంది.

ప్రశ్న: ద్వారక దగ్గర సముద్రంలో దొరికినవి శ్రీకృష్ణుని కాలం నాటివేనా?
– ఒక పాఠకుడు, రాజమహేంద్రవరం

జవాబు: గోవాలోని జాతీయ సముద్ర విజ్ఞాన సంస్థ తరఫున ఎస్.ఆర్. రావు 1980లలో అక్కడ అన్వేషణ జరిపించారు. కట్టడపు రాళ్ళతో పాటు అనేక రాతి లంగరులు కనిపించాయి. అంతవరకు సందేహం లేదు. కాలం దగ్గరే పేచీ. రాతిని చెక్కి ఎన్నేళ్ళయిందో ఆ రాయి తనంతట తాను చెప్పదు; అటువంటి లంగరులను నావికులు శతాబ్దాల తరబడి వాడారు కూడా. వాటిలో కొన్నింటికి పైన తాడు కట్టడానికి ఒక గుండ్రటి రంధ్రం, కింద రెండు చదరపు రంధ్రాలు ఉంటాయి. ఇసుకలో నాటుకునేందుకు ఆ చదరపు రంధ్రాలలో కొయ్య మేకులు దూర్చేవారు. అందులో ఒక్క ముక్క చిక్కినా కర్బన పరీక్షతో ఆ లంగరు వయసు తేల్చవచ్చు.