లుడ్విగ్స్‌బర్గ్ వెళ్తున్న మేనకోడలికి

చిరంజీవి అమ్మాయికి మ్యూనిక్ నుంచి మేనమామ ఆశీస్సులు.

లుడ్విగ్స్‌బర్గ్ ఫిల్మ్ అకాడమీలో సినిమా సంగీతం చదవడానికి నీకు సీటు వచ్చిందని మీ అమ్మ ఫోనులో చెప్పినప్పటి నుంచి సంతోషమూ దిగులూ నన్ను నిద్రపోనివ్వడం లేదు. జర్మన్ భాష శ్రద్ధగా నేర్చుకో. చలికోటు ఇక్కడికి వచ్చాకే కొనుక్కో. పెద్ద వాద్యబృందం దొరకదేమోనని బెంగపడకు. జర్మన్ సంగీతకారుడు ఫోల్కర్ బెర్టెల్‌మన్ తన ముత్తవ్వ హార్మోనియం మీద పలికించిన మూడు స్వరాలే ‘ఆల్ క్వయట్ ఆన్ ద వెస్టర్న్ ఫ్రంట్’ సినిమా సంగీతానికి ఆయువుపట్టు అయ్యాయి, ఆ సంగీతానికే 2023లో ఆస్కార్ వచ్చింది.

నా భయమంతా కాగితాల గురించే. ఇక్కడి చట్టం ప్రకారం బాణీ మీద దాన్ని కట్టినవారి హక్కును (కాపీరైట్‌ను) అమ్ముకోవడం కుదరదు, వాడుకునే హక్కు మాత్రమే ఇస్తాం. టీవీలో ప్రసారమైనప్పుడు రావలసిన సొమ్మును గెమా అనే సంఘం వసూలు చేసి సభ్యులకు పంచుతుంది. అయితే మన బాణీని మనమే అక్కడ నమోదు చేసుకోవాలి. కొత్తలో నేనొక డాక్యుమెంటరీ ధారావాహికకు సంగీతం కూర్చి, చేతికందిన పారితోషికంతో తృప్తిపడి, బాణీలను నమోదు చేయలేదు. ఏ బాణీ ఎన్ని సెకన్లు వినిపించిందో చూపే క్యూ షీటు సంగతి నిర్మాతలే చూసుకుంటారని ఊరుకున్నాను. కొన్నేళ్ల తర్వాత ఒక రాత్రి మీ అత్తయ్య బట్టలు ఇస్త్రీ చేస్తుండగా టీవీలో నది మీద పొగమంచు కనిపించింది, దాని వెనుక నా వయొలిన్, కమాను తిప్పేచోట నేను సరిదిద్దకుండా వదిలేసిన చిన్న కీచుతో సహా వినిపించింది. “ఇది మీదే కదండీ?” అందావిడ. ఆ ధారావాహిక అప్పటికే ఎన్నోసార్లు పునఃప్రసారమైంది. సొమ్ము అడగవలసిన గడువు దాటిపోయింది. అదే ఏడాది మీ అమ్మమ్మకు జబ్బు చేసిందని తెలిసి, విమానం టికెట్టుకు డబ్బు సర్దుబాటు చేసుకునేలోపు ఆలస్యమై, నేను ఇల్లు చేరేసరికి ఆవిడ నన్ను గుర్తుపట్టలేదు. అప్పుడు నువ్వు ఆవిడ మంచం పక్కన కూర్చుని బొమ్మలు వేసుకుంటున్నావు.

క్లౌస్ డోల్డింగర్ 1970లో ‘టాటోర్ట్’ అనే జర్మన్ టీవీ నేరపరిశోధన ధారావాహికకు కట్టిన బాణీ ఇప్పటికీ ఆదివారం రాత్రి ఎనిమిదింపావుకు ఇంటింటా వినిపిస్తోంది. నువ్వు కట్టే ఏ బాణీకి అంత ఆయుష్షు ఉందో ముందుగా ఎవరు చెప్పగలరు? చిన్న పనేగదా అని దేన్నీ నమోదు చేయకుండా వదిలావో, ఎంత దూరంలో ఉన్నా నీకు నా చేత చీవాట్లు తప్పవు తల్లీ.

నీ మొదటి సినిమా పూర్తయిన వారమే క్యూ షీటు పట్టుకుని మా ఇంటికి రా. అత్తయ్య ఆవకాయ అన్నం కలిపి పెడుతుంది, వంటింటి బల్ల దగ్గర కూర్చుని ఒక్కొక్క సెకనూ ఇద్దరం సరిచూద్దాం.