స్వీడన్‌లో కళల డాక్యుమెంటరీలకు ప్రొడ్యూసర్ కావాలంటే ముందు ఏం నేర్చుకోవాలి?

స్టాక్‌హోమ్‌లో ఎడిటర్‌గా ఉన్నానని, ప్రొడ్యూసర్‌గా మారడానికి ముందు ఫిల్మ్ స్కూల్లో చేరాలా, డబ్బు వెతుక్కోవాలా అని అడిగారు. ఆ రెండిటికన్నా ముందు హక్కుల పని, అంటే సినిమాలో వచ్చే ఇతరుల బొమ్మలకి, పాటలకి అనుమతులు తెచ్చే పని నేర్చుకోండి. పూర్తయిన సినిమా కూడా అమ్ముడుపోకుండా ఆగిపోయేది అక్కడే.

ఒక షాట్ అనుకుందాం. స్టూడియోలో చిత్రకారిణి మాట్లాడుతోంది. వెనక గోడకి ఇంకొకరి బొమ్మ, మూలన రేడియోలో పాట. ఆ బొమ్మ ఊరికే వెనక కనబడితే స్వీడన్ కాపీరైట్ చట్టం 20ఎ సెక్షన్ ప్రకారం అనుమతి అక్కర్లేదు. కెమెరా దాని మీదికి వెళ్లి, ఆవిడ దాని గురించే చెప్పడం మొదలెడితే మాత్రం కావాలి. వేసినాయన పోయి 70 ఏళ్లు నిండకపోతే వారసులనో, చిత్రకారుల హక్కులు చూసే బిల్డుప్‌హోవ్స్‌రెట్ సంస్థనో అడగాలి. స్వీడిష్ చిత్రకారిణి హిల్మా అఫ్ క్లింట్ 1944లో పోయారు కాబట్టి ఆమె బొమ్మలకి ఆ గడువు 2014తో తీరిపోయింది. అయినా మ్యూజియం నుంచి మంచి ఫైలు తెప్పించుకుంటే దాని రుసుము వేరే ఉండొచ్చు.

రేడియో పాటకి రెండు హక్కులు: పాట మీద హక్కు దాని పబ్లిషర్‌ది, ఆ రికార్డింగ్ మీద హక్కు దాన్ని విడుదల చేసిన లేబుల్‌ది. టీవీ ఛానళ్లకి స్టిమ్‌తో (స్వీడన్‌లో సంగీతకర్తల హక్కులు చూసే సంస్థ) ఉండే ఒప్పందం మీ సినిమా విదేశీ అమ్మకాలకి పనికిరాదు. కొత్తవాళ్లు దెబ్బతినేది ఇక్కడే. షూటింగప్పుడే రేడియో కట్టేయించండి, తర్వాత ఎడిట్‌లో తీయడం కష్టం.

మొదటి కట్ నుంచే ఒక పట్టిక పెట్టుకోండి: టైమ్‌కోడ్, ఎన్ని సెకన్లు, ఎవరిది, ఏ దేశాలకి, ఎన్నేళ్లకి, ధర. ధర అడిగినప్పుడు ఫెస్టివల్స్ వరకే ఎంతో, ప్రపంచమంతా అన్ని మాధ్యమాలకీ ఎంతో, రెండూ రాయించుకోండి. రెండోది ఎంతకాలం అదే ధరకి ఇస్తారో కూడా రాయించాలి. సినిమాకి పేరొచ్చాక అడిగితే ఆ రేటు ఉండదు.

డబ్బు విషయానికొస్తే, స్వీడిష్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌కి దరఖాస్తు ప్రొడక్షన్ కంపెనీ పేరు మీదే వెళ్లాలి. ట్రోల్‌హెట్టన్‌లోని ఫిల్మ్ ఇ వెస్ట్ లాంటి ప్రాంతీయ ఫండ్‌లు తమ ప్రాంతంలో ఎంత ఖర్చు పెడతారో చూస్తాయి. నార్డిస్క్ ఫిల్మ్ అండ్ టీవీ ఫండ్‌కి కనీసం రెండు నార్డిక్ దేశాల్లో ప్రదర్శన ఖాయం కావాలి. అందుకే స్వీడన్ పబ్లిక్ టీవీ ఎస్‌వీటీ నుంచి మీ సినిమా ప్రసారం చేస్తామన్న లేఖ చేతికి రాగానే డెన్మార్క్, ఫిన్లాండ్ ఛానళ్లని పట్టుకోవాలి. సెప్టెంబర్‌లో మాల్మోలో జరిగే నార్డిస్క్ పనోరమా డాక్యుమెంటరీ ఫెస్టివల్‌కి వాళ్లంతా ఒకేచోటికి వస్తారు. 52 నిమిషాల టీవీ కట్‌కి, పొడుగు కట్‌కి విడివిడిగా ఎడిటింగ్ వారాలు, సౌండ్ మిక్స్, సబ్‌టైటిల్స్ బడ్జెట్లో మొదటే వేయండి. రెండో మిక్స్ మర్చిపోవడం చాలా మామూలు.

‘సెర్చింగ్ ఫర్ షుగర్ మ్యాన్’ డాక్యుమెంటరీకి 2013లో ఆస్కార్ గెలిచిన స్వీడిష్ దర్శకుడు మలిక్ బెంజెలూల్, డబ్బు అయిపోతే కొన్ని షాట్లు ఫోన్ యాప్‌తో తీశారని అందరూ చెప్పుకుంటారు. అంతకుముందు ఆయన ఎస్‌వీటీ కళల కార్యక్రమం కోబ్రాకి కథనాలు చేసిన సంగతి ఎవరూ ఎత్తరు. నన్నడిగితే చూడాల్సింది అదే. మీకు ఎడిటింగ్ వచ్చు కాబట్టి స్కూలు కన్నా, ఏదైనా ప్రొడక్షన్ కంపెనీలో ఆర్కైవ్ అనుమతులు తెచ్చే పని అడగండి. ఆ పనిలో పబ్లిషర్లు, మ్యూజియంలు, వారసులు మీకు నేరుగా పరిచయమవుతారు.