తప్పు చేతిదా, లోలకానిదా?

ప్రశ్న: చెక్కపట్టీలు రెండింటిని మేకులతో కలిపి, స్టూలుకు బిగించి జంట లోలకం చేశాను. ఏడెనిమిది ఊపులకే ఆగిపోతోంది. ఆ కాస్తలోనూ ప్రతిసారీ వేరేగా ఊగుతోంది. ఇది కేయాసా (మొదట్లో ఉన్న చిన్న తేడా త్వరత్వరగా పెరిగి అంచనాకు అందకపోవడం), నా చెయ్యి వణికిందా?
– బీఎస్సీ విద్యార్థిని, అనంతపురం

జవాబు: ముందు ఆగిపోవడం సంగతి. మేకు చుట్టూ చెక్క ఒరుసుకుంటుంది, స్టూలు ఊగుతుంది; శక్తంతా అక్కడే పోతుంది. మేకుల బదులు బోల్టులు, బేరింగులు వాడండి. బేరింగుల షాపులో 608 నంబరువి రెండు అడగండి. లోపలి రంధ్రం 8 మి.మీ., బయటి వ్యాసం 22 మి.మీ. కొత్త బేరింగును వేలితో తిప్పితే గ్రీజు వల్ల వెంటనే ఆగుతుంది. మూతను గుండుసూదితో లేపి, నిప్పుకు దూరంగా పెట్రోలులో కడిగి, ఆరాక కుట్టుమిషను నూనె ఒక్క చుక్క వెయ్యండి.

పైపట్టీలో రంధ్రానికీ రంధ్రానికీ మధ్య 20 సెం.మీ. ఉంచండి. కిందిపట్టీ కీలు నుంచి కొసదాకా 15 సెం.మీ. దాటకూడదు, రెండూ సమానమైతే కిందిది గిర్రున తిరిగేటప్పుడు పైబోల్టు నట్టుకు తగులుతుంది. చాలామంది చేసే తప్పు ఇంకొకటుంది: బేరింగు పక్కన పెద్ద వాషరు వేసి బిగిస్తారు. అది బయటి రింగుకు ఒరుసుకుంటుంది. లోపలి రింగుకు మాత్రమే ఆనే చిన్న వాషరు వెయ్యండి. పైబోల్టును స్టూలుకు కాదు, గోడకు గట్టిగా బిగించిన చెక్కకు వెయ్యండి.

ఇక అసలు ప్రశ్న. కీలును టేపుతో కదలకుండా చుట్టేయండి. అప్పుడది మామూలు లోలకమే. కిందికి వేలాడే స్థితి నుంచి దారంతో 120 డిగ్రీలకు లాగి కట్టి, దారాన్ని అగ్గిపుల్లతో కాల్చి పదిసార్లు వదలండి. పదీ దాదాపు ఒకేలా ఊగుతాయి. టేపు తీసేసి, అదే కోణం నుంచి అలాగే వదలండి. మొదటి క్షణాల్లో పదిసార్లూ ఊగే దారులు కలిసే నడిచి, తర్వాత ఒక్కసారిగా విడిపోతాయి. మీ పొరపాటు రెండుచోట్లా ఒక్కటే. జంట లోలకం దాన్ని పెంచుతోంది, అంతే. 10 డిగ్రీల నుంచి వదిలితే అదే జంట లోలకం మళ్లీ బుద్ధిగా ఊగుతుంది.

తేడా సెకనుకు పదింతలు పెరుగుతుందనుకుందాం. అర డిగ్రీ పొరపాటు రెండు సెకన్లలో 50 డిగ్రీలవుతుంది. చేతిని వందరెట్లు నిలకడ చేసినా అదనంగా దక్కేది ఇంకో రెండు సెకన్లే! 1961లో వాతావరణ శాస్త్రవేత్త ఎడ్వర్డ్ లోరెంజ్ కంప్యూటరుతో చేసిన వాతావరణ లెక్కలో 0.506127కు బదులు 0.506 కొట్టినప్పుడు ఫలితం తారుమారైందీ ఇలాగే.

ఫోన్‌లో స్లోమోషన్ తీసేటప్పుడు ట్యూబులైటు వద్దు, మినుకుతుంది. కిటికీ ఎండ చాలు. కానీ ఆషాఢం గాలికి కిటికీ తెరిచి మాత్రం తీయకండి.

ప్రశ్న: కొళాయి చుక్కల్లోనూ కేయాస్ ఉంటుందా?
– ఒక పాఠకుడు, కడప

జవాబు: ఉంటుంది. చుక్క తెగాక మిగిలిన నీరు పైకీ కిందికీ ఊగుతుంది. తర్వాతి చుక్క ఎప్పుడు తెగాలో ఆ ఊపు మీద ఆధారపడుతుంది. కింద స్టీలు పళ్లెం బోర్లించి, చప్పుడు ఫోన్‌లో రికార్డు చెయ్యండి. ప్రతి వ్యవధినీ దాని తర్వాతి వ్యవధితో గ్రాఫు గీయండి. నీరు నెమ్మదిగా పడితే గ్రాఫు మీది బిందువులన్నీ ఒకేచోట చేరతాయి. కొళాయి కొద్దికొద్దిగా విప్పితే రెండుచోట్లకు చీలవచ్చు, ఆపై వంపుగీతలా పరుచుకోవచ్చు. మున్సిపల్ నీళ్లతో కుదరదు, ఒత్తిడి మారుతూ ఉంటుంది. పొర్లుతూ ఉండే బకెట్టుకు కొళాయి బిగించండి, మట్టం మారదు.